సినిమాలోనూ ఖాళీ గిన్నే

ఎనభైల్లో మేము జంషెడ్‌పూర్ టెల్కో కాలనీ క్వార్టర్లో ఉండేవాళ్ళం. ఇరుగుపొరుగుల మధ్య ప్రేమ తగ్గిపోతోందని మా వీధి తెలుగు సంఘం కార్యదర్శిగారికి బెంగ పట్టుకుంది. వెంటనే పదిహేను నిమిషాల వీడియో సినిమా తలపెట్టారు. ప్రాణానికి ప్రాణమైన పొరుగువాళ్ళుగా నన్నూ, పక్కింటి సత్యవతినీ ఎంచుకున్నారు. మేమిద్దరం మాట్లాడుకుని అప్పటికి ఆరు నెలలు. నేను పులుసు పోసి పంపిన గిన్నెను ఆవిడ ఖాళీగా తిప్పి పంపింది మరి!

సీన్లో ఆవిడ కూర గిన్నె తెచ్చివ్వాలి, నేను మురిసిపోవాలి. మురిశాను. కార్యదర్శిగారు "కట్" అనగానే మూత తీసి చూస్తే లోపల ఏమీ లేదు.

"ఏటి వదినా, సినిమాలోనూ ఖాళీ గిన్నేనా?"

"ఆర్నెల్ల నుంచి సాదిత్తన్నావు, నీ గిన్నేటి బంగారవా?"

ఆపైన మా తిట్లకి ఇద్దరి పుట్టిళ్ళూ మిగల్లేదు. కెమెరా పట్టినాయన పెళ్ళి వీడియోలు తీసే హిందీవాడు. పెళ్ళిళ్ళలో ఎవరూ కట్ అనరు కాబట్టి ఆ మాట విన్నా ఆయన కెమెరా ఆపలేదు. టేపు ముందుగా ఎవరూ చూసుకోనూ లేదు.

సినిమా వేసిన రోజు సంఘం హాలు నిండా జనం. మా ప్రేమ రెండు నిమిషాలు, పోట్లాట పది నిమిషాలు ఆడింది. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ముఖ్య అతిథి లేచి, "ప్రేమ సీను కాస్త అతిగా ఉంది గానీ, పోట్లాటలో జీవించారమ్మా!" అని మెచ్చుకున్నారు.

మర్నాడు సత్యవతి గిన్నె నిండా వంకాయ కూర తెచ్చింది. చప్పిడి కూర. "అమృతంలా ఉంది వదినా" అన్నాను. ఇరుగుపొరుగు ప్రేమంటే ఎవరూ కట్ చెప్పని సీనేనని ఆ రోజే తెలిసింది.