పార్వతి మరియు ఇతరులు

కోల్‌కతా పక్కన లిలువాలో, రైల్వే స్థలంలో నాది ఇడ్లీ కొట్టు. నిరుడు రైల్వేవాళ్లు అద్దె అమాంతం పెంచితే, కొట్లవాళ్లందరినీ కూడగట్టి కోర్టుకెక్కించింది నేను. వకీలు మాత్రం పక్క టీకొట్టు పార్వతి పేరు ముందు రాసి, మమ్మల్నందరినీ ‘ఇతరులు’ అన్నాడు. బజారంతా ‘పార్వతి కేసు’ అంటుంటే నాకు ఒళ్లు మండిపోయేది.

పెంపు మీద స్టే వచ్చిన వారానికే రైల్వే మనుషులు తాళంతో నా కొట్టు ముందు నిలబడ్డారు. “స్టే ఉంది దాదా” అంటే, అందులో నీ పేరేదన్నారు. పార్వతే స్టే కాగితం పట్టుకుని పరుగెత్తుకొచ్చి, ‘ఇతరులు’ అన్నచోట వేలు పెట్టి వాళ్లకు చూపించింది.

“భయపడతావేటి వదినా? నా కేసులో నువ్వూ ఉన్నావు కదా!” అంది.

వాళ్లు వెళ్లిపోయారు.

ఆ కాగితం నకలు నా షట్టరుకే అంటించుకున్నాను. రోజూ పొద్దున్నే నా కొట్టు తెరవాలంటే ముందు ఆ మహాతల్లి పేరే చూడాలి.