బోనులో జడ్జమ్మ

నాకు ఆమె మీద అసూయ. ముందే చెప్పేస్తున్నాను, తర్వాత ఎవరూ దీన్ని స్నేహం కథ అనుకోకుండా.

ఇద్దరం సూర్యాపేటలో ఒకే సీనియర్ దగ్గర జూనియర్లుగా చేరాం. నాది సూర్యాపేటే, ఆమెది కోదాడ. ఒకే బల్లకు ఆమె అటు, నేను ఇటు. రోజూ బస్సులో నిలబడి వచ్చేది, అయినా చీర కుచ్చెళ్ళు చెదిరేవి కావు. పక్క వీధి నుంచి నడిచొచ్చే నా తెల్లచీర మాత్రం కోర్టు మెట్లెక్కేసరికే నలిగిపోయేది. అప్పటినుంచే ఒళ్ళు మండేది నాకు.

మెజిస్ట్రేటు పరీక్షకు కలిసి చదివాం. కలిసి అంటే, నేను గొంతు పోయేలా పైకి చదివేదాన్ని, ఆమె కళ్ళు మూసుకుని వినేది.

"నిద్రవోతున్నవా ఏందే?" అని గిల్లితే, "వింటున్నానే తల్లీ, కానియ్" అనేది.

ఫలితాల్లో ఆమె నంబరుంది, నాది లేదు. ఆమె నా చేతులు పట్టుకుని ఏడ్చింది. గెలిచిన మనిషి ఏడుస్తుంటే ఓడిన మనిషి ఓదార్చాలట! ఏం చేస్తాను, ఓదార్చాను. "ఊకోవే, మల్లొచ్చేసారి నేను గూడ కొడత" అన్నాను. మళ్ళీ రాశాను. రాలేదు. ఆ తర్వాత వయసు దాటిపోయింది. ఇంటికి దూరమనీ, పిల్లలు చిన్నవాళ్ళనీ ఎవరికి తోచిన సాకు వాళ్ళు నాకోసం వెతికిపెట్టారు. అదేం లేదు. నాకు మార్కులు రాలేదు, అంతే.

జడ్జి అయినవాళ్ళు వకీళ్ళతో రాసుకుపూసుకు తిరగకూడదు. వాళ్ళ ఇళ్ళకు పోకూడదు, విందుల్లో కూర్చోకూడదు. నాకు తెలుసు, ఒప్పుకుంటాను కూడా. కానీ మా అమ్మాయి పెళ్ళికి ఆమె రాకపోతే ఆ రోజంతా గుమ్మం వైపే చూశాను. ఫోన్ చేసి, "నీకు తెలుసు కదే" అంది. తెలిసినంత మాత్రాన కడుపు మంట తగ్గుతుందా?

ఊళ్ళు మారింది, కుర్చీలు మారింది. జూనియర్ సివిల్ జడ్జి, సీనియర్ సివిల్ జడ్జి, జిల్లా జడ్జి. నేను అదే బార్ హాల్లో అదే ఫ్యాను కింద కూర్చున్నాను. ఆమె హైకోర్టు జడ్జి అయిందన్న కబురు మిర్యాలగూడలో తెలిసింది. రైస్ మిల్లు భాగస్తుల తగాదాలో వాదనకు వెళ్ళాను. అక్కడి వకీలొకాయన మైసూర్‌పాక్ పెట్టె పట్టుకుని నా దగ్గరికే వచ్చాడు.

"మేడం, నోరు తీపి జేస్కోండ్రి! మన జిల్లా బిడ్డ హైకోర్టు జడ్జయింది. మీరిద్దరు ఒక్క ఆఫీసుల ఉంటిరంట గదా?"

"ఉంటిమి. నేను ఇంక ఈడనే ఉన్న, సూస్తలేవా?" అన్నాను.

ముక్క నోట్లో వేసుకున్నాను. ఆ మధ్యాహ్నం వాదనలో ఎదుటి వకీలు మీద అరిచేశాను. జడ్జి గారు కళ్ళద్దాలు తీసి, "అమ్మా, ఎవరి మీద కోపం ఇది?" అని అడిగారు.

ఆమె రిటైరయిన కొన్నాళ్ళకు, ఒక మధ్యాహ్నం నేరుగా సూర్యాపేటలో నా ఆఫీసుకే వచ్చింది. జవాను లేడు, ఎర్రబుగ్గ కారు లేదు. కక్షిదారులు కూర్చునే బెంచీ మీద కూర్చుంది.

"కోదాడ ఇల్లు తమ్ముడు తన పేర రాయించుకున్నాడే. అమ్మ వీలునామా అంటున్నాడు. ఇన్నేళ్ళూ క్వార్టర్లలోనే బతికాను, నాకంటూ వేరే ఇల్లు లేదు. అందులో నా వాటా నాక్కావాలి. దావా నువ్వే వెయ్యాలి."

"హైదరాబాదుల పెద్ద పెద్ద సీనియర్లు లేరానే నీకు?"

"ఉన్నారు. వాళ్ళంతా నాకు వంగి దండాలు పెడతారు. నువ్వయితే తిడతావు."

తనే వాదించుకోవచ్చు కదా అంటే, వకీలుగా వాదించడానికి వీల్లేదు. ఇక్కడి హైకోర్టులో జడ్జిగా రిటైరయినవాళ్ళు మళ్ళీ నల్లకోటు వేసుకుని ఈ రాష్ట్రంలో ఏ కోర్టులోనూ నిలబడకూడదు. నేను నిలబడొచ్చు! ఆమెకు లేనిది నా దగ్గరున్నది అదొక్కటే. వకాల్తా మీద ఆమె సంతకం పెడుతుంటే లోపల ఎంత సంబరపడ్డానో చెప్పలేను. నా వల్ల ఆమెకు ఇల్లు రావాలి. ఆ ఇంట్లో ఉన్నన్నాళ్ళు నా పేరు తలచుకోవాలి. నాకు కావలసింది అదే.

కేసు బలంగా ఉంది. వాళ్ళమ్మ చక్కగా సంతకం చేసే మనిషి. వీలునామా మీద మాత్రం వేలిముద్ర. తమ్ముడి కథంతా ఆ వేలిముద్ర దగ్గరే కూలిపోతుంది. నా కక్షిదారు బోనెక్కి అడ్డదిడ్డంగా మాట్లాడకుండా ఉంటే చాలు.

కోదాడ కోర్టులో ఆమె సాక్ష్యం రోజు వచ్చింది. ఆమె లోపలికి అడుగు పెట్టగానే ఆ కుర్రజడ్జి గారు సగం లేచి నిలబడ్డారు. పక్కన కుర్చీ వేయించబోయారు. "వద్దు సార్, నేను సాక్షిని" అని ఆమె నవ్వి బోనెక్కింది. నేను కోర్టుల్లో నిలబడీ నిలబడీ మోకాళ్ళు అరగదీసుకున్నాను, నాకోసం ఏనాడైనా ఏ జడ్జి అయినా లేచాడా? బోనులో కూడా ఆమెదే పైచేయి.

తమ్ముడి తరఫు వకీలు క్రాస్ ఎగ్జామినేషన్ మొదలుపెట్టాడు. పాపం, ప్రతి ప్రశ్నకూ ముందు కాగితంలోకి చూసుకుంటున్నాడు. ఇంటి పన్ను ఎవరు కడుతున్నారు, అమ్మకు మందులు ఎవరు తెచ్చారు అని అడిగాడు. చివరికి ఏమీ తోచక చీకట్లో రాయి విసిరాడు.

"అమ్మగారు బతికున్నప్పుడు, ఈ ఇల్లు నాకొద్దు, తమ్ముడికే ఇయ్యమని మీరన్నారా మేడం?"

చటుక్కున లేచాను. "అబ్జెక్షన్ సార్! వాళ్ళ జవాబు దావాలో ఈ మాట ఎక్కడా లేదు. వీలునామా తప్ప ఇంకో వాదనే లేదు. ఈ ప్రశ్న అడగడానికి వీల్లేదు."

జడ్జి గారు నోరు తెరిచేలోపే బోనులోంచి గంభీరంగా మాట వినిపించింది.

"ఓవర్‌రూల్డ్."

కోర్టంతా గొల్లున నవ్వింది. బంట్రోతు కూడా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. ఆమె నాలుక కరుచుకుని, రెండు చేతులూ జోడించింది. "క్షమించండి సార్. అలవాటు." జడ్జి గారికి కూడా నవ్వు ఆగలేదు. "ఫర్వాలేదు మేడం. కానీ మీ వకీలు గారి అభ్యంతరం సరైనదే. ఈ ప్రశ్నకు మీరు జవాబు చెప్పనక్కర్లేదు" అన్నారు.

హమ్మయ్య అనుకుని కూర్చోబోయాను.

"చెప్తాను సార్" అంది ఆమె. "అన్నాను. అమ్మ మంచం పక్కన నిలబడి, తమ్ముడి ముందే అన్నాను. అప్పుడు నాకు క్వార్టరు ఉండేది."

తమ్ముడు తల దించుకున్నాడు. అతని వకీలు తాను ఏం అడిగాడో తనకే తెలియనట్టు నిలబడ్డాడు.

బయటికి రాగానే వరండాలోనే పట్టుకుని కడిగేశాను. "నీకేమన్న దిమాక్ ఉన్నదానే? గెలిచే కేసు గంగల గలిపినవ్! జడ్జి వద్దన్నంక గూడ చెప్పుడేంది? ఆ మాట కోర్టుల చెల్లదు!"

"కోర్టులో చెల్లదు" అంది. "నాకు చెల్లుద్ది."

"ఇంకా ఏం కాలేదే. వేలిముద్ర ఉన్నది, నేను సూస్కుంట. జర నోరు మూస్కో సాలు."

"వద్దే. వెనక్కి తీసేసుకుందాం."

"మరి ఏడుంటవ్?"

"ఏదో ఒకటి, కిరాయికి చూసుకుంటా."

ఎంత తిట్టినా వినలేదు. భోజనాల వేళ అయ్యాక, దావా ఉపసంహరించుకుంటున్నామని నా చేత్తోనే రాశాను. ఆమె సంతకం పెట్టింది, కింద నేను పెట్టాను. జడ్జి గారు చదివి నా వైపు జాలిగా చూశారు. ఆ జాలి కూడా ఆమె వల్లనే నాకు దొరికింది.

ఆమెను హైదరాబాద్ నాన్‌స్టాప్ బస్సెక్కించి, నేను సూర్యాపేట బస్సులో కూర్చున్నాను. పాపం, ఈ వయసులో ఇల్లు లేకుండా పోయిందే అని ఆమె మీద బాధ రావాలి. రాలేదు. కుళ్ళుతో కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పరీక్షలో ఆమె గెలిచింది, సరే. హైకోర్టు దాకా వెళ్ళింది, సరే. ఆమెకోసం నేను గెలవాల్సిన కేసు ఈ జన్మకు ఒక్కటంటే ఒక్కటి దొరికితే, దాంట్లోనూ తీర్పు ఆమే చెప్పేసింది.