ధర్సీవా స్తంభం మీద మూడో చుట్టు

మీ ఇంటికి శుక్రవారం పదిన్నరకు నిప్పంటుకుంటే, రాహుకాలం దాటనిచ్చి పన్నెండుకు నీళ్లు పోస్తారా? పొయ్యరు కదా! మరి బతుకుతెరువు తగలబడుతున్నప్పుడు ఎందుకు ఆగుతారు?

నేను రాయపూర్ వెళ్లింది గాలిఓడల పోరు చూడటానికి. రాయపూర్ దగ్గరి తిల్దా మిల్లుల బియ్యం కొన్నేళ్లుగా గాలిఓడల్లోనే తూర్పుతీరానికి వస్తోంది. ప్రతి ఓడా దారిలో ధర్సీవాలోని ఒకే ఒక్క కట్టుస్తంభం దగ్గర ఆగి వాయువు నింపుకోవాలి. స్తంభం ఎవరి చేతిలో ఉంటే ఆకాశ వర్తకం వాళ్లది. ఇన్నాళ్లూ అది శ్రీకాకుళం నుంచి వలసపోయిన రైల్వే కుటుంబాలూ, అక్కడి ఛత్తీస్‌గఢీ హమాలీలూ కలిసి పెట్టుకున్న సంఘానిది. ఈ ఏడు ఒక కంపెనీ సవాలు విసిరింది. ఓడితే సంఘానికున్న ఒక్క ఓడ ‘తొలకరి’ షెడ్డెక్కుతుంది. దాన్ని నడిపే జానకి చుక్కాని వదిలేయాలి.

గురువారం విశాఖలో బండెక్కాను. చార్జీ తక్కువ, కుదుపు ఎక్కువ. వెళ్లేవాళ్లు తిండి వెంట తీసుకెళ్లండి. రాయగడ దాటాక టీ తప్ప ఏమీ దొరకదు. ఎదురుసీటులో పార్వతీపురం ఆవిడ ఒళ్లో ఆవకాయ జాడీతో కూర్చుంది. మంచిరోజు చూసుకునే బయల్దేరానంది.

“బండి లేటయింది కదమ్మా, మరి ఆ మంచి ఘడియ పోయినట్టేనా?” అన్నాను.

“లేటు రైల్వేవోళ్లది బాబూ, గడియ నాది,” అని జాడీ మూత బిగించింది.

తెల్లవారాక రాయపూర్‌లో దిగాను. దేవేంద్ర నగర్‌లో సూర్యారావు ఇంట్లో స్నానం, పోహా, జిలేబి. ఆయన రిటైరైన రైల్వే ఫిట్టరు, సంఘానికి పెద్ద, జానకికి మామగారు. జానకితో కలిసి ముగ్గురం లోకల్ బండిలో తిల్దా వెళ్లాం.

పోరు నియమాలు చిన్నవి. రోజును సవాలు చేసినవాళ్లు ఎంచుకుంటారు. ఉదయం పదికి తిల్దా మైదానంలో రెండు ఓడలూ కొత్త పంట బస్తాలు ఎక్కించుకోవడం మొదలుపెడతాయి. మధ్యాహ్నం పన్నెండు సైరన్ మోగేసరికి ధర్సీవా స్తంభానికి ఎవరి తాడు చుట్టి ఉంటే ఈ ఏటి సరుకు వాళ్లది. తుపాకులు నిషేధం. ఓడను తేల్చే సంచిలోని వాయువు అంటుకుంటే గెలిచినవాడూ మిగలడు గనక, వెదురు కొక్కేలతో, ఇసుకతో, నీళ్లతో పోరాడతారు. కంపెనీ శుక్రవారాన్నే ఎందుకు ఎంచుకుందో నాకు అప్పుడు తట్టలేదు.

పదీ నలభైకల్లా రెండు ఓడలూ నిండాయి. కంపెనీ బూడిదరంగు ఓడ పైకి లేచింది. దాని అంచునుంచి ఒకడు అరిచాడు: “అరె ఆంధ్రావాలే, పంచాంగ్ దేఖ్‌కే ఆనా!” పంచాంగం చూసుకుని రమ్మని ఎగతాళి.

తొలకరి మాత్రం కదల్లేదు. సంఘం ఆచారం ప్రకారం పెద్దాయన చెప్పాకే తాడు విప్పాలి. సూర్యారావు తాడు పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాడు.

“రాహుకాలం నడస్తంది. ఇప్పుడు ఇప్పితే ఏటవుద్దో తెల్దా?”

“మావయ్యా, సైరన్ ఆగుద్దేటి మనకోసం?” అంది జానకి.

“రాహువు గ్రహమే కాదు సూర్యారావుగారూ. ఆకాశంలో లేనివాడికి కాలమెక్కడిది?” అన్నాను.

“మాస్టారూ, మీకేటి, సాయంత్రానికి రైలెక్కి ఎలిపోతారు. ఓడ మాది.”

కొక్కెం పట్టే హమాలీ బిసాహు ఓడ అంచునుంచే కేకేశాడు: “చల్ న దీదీ, హమన్ తియార్ హన్!” మేం సిద్ధంగా ఉన్నామని. పదకొండూ ఇరవైకి జానకి మామగారి కాళ్లకు దండం పెట్టి, లేచి, ముడి తానే విప్పేసింది. నేనూ ఎక్కాను. ఆయన కింద నిలబడి కళ్లు మూసుకున్నాడు.

పైన గాలి చల్లగా, నెమ్మదిగా ఉంది. కోసిన మళ్లు చాపల్లా పరుచుకున్నాయి. ముందు ధర్సీవా పొగగొట్టాలు లేచాయి. మేం చేరేసరికి కంపెనీ తాడు స్తంభానికి మూడు చుట్లు చుట్టి ఉంది. జానకి ఇసుక వదిలి ఓడను వాళ్ల నెత్తిమీదికి లేపింది. వాళ్లు బకెట్లతో నీళ్లు చిమ్మారు. బిసాహు వేలాడుతూ కొక్కెం తగిలించి మొదటి చుట్టు లాగేశాడు. పెద్దగా అరుపుల్లేవు, తాడు రాపిడి, మనుషుల ఊపిరి, అంతే. రెండో చుట్టు జారింది. మూడోదానికి కొక్కెం తగిలింది.

సైరన్ మోగింది. మూడో చుట్టు ఇంకా స్తంభం మీదే ఉంది.

అవతలి ఓడ చుక్కానివాడు తలగుడ్డ తీసి జానకికి నమస్కరించాడు. “దీదీ, ఆధా ఘంటా పహలే ఆతీ తో హమ్ గయే థే.” అరగంట ముందొచ్చి ఉంటే మా పని అయిపోయేదన్నాడు. శత్రువు ఒప్పుకున్న నిజమిది.

తిల్దాలో దిగగానే సూర్యారావు ఎదురొచ్చాడు. “చూశారా మాస్టారూ? రాహుకాలంలో ఇప్పితే ఇంతే!”

“కంపెనీవోళ్లూ రాహుకాలంలోనే లేచారు కదా మావయ్యా?”

“ఆళ్ల పంచాంగం ఆళ్లది,” అన్నాడాయన. వెళ్లి ఓడ అంచు నిమిరాడు. ఆయనకీ ఆ ఓడ తప్ప మరేముంది? అందుకే నాకు కోపం ఆయన మీద కాదు, ఆయన్ని ఆ కుర్చీలో కూర్చోబెట్టిన భయం మీద. కంపెనీకి మన బలం ఎంతో తెలియకపోయినా, మన భయం ఏ గంటకు వస్తుందో తెలుసు. దానితోనే స్తంభం కొట్టేసింది.

సాయంత్రం జానకి స్టేషనుకొచ్చి, రొట్టెలు కట్టిన పొట్లం చేతిలో పెట్టింది. ఓడినవాళ్లు నెలలోగా మళ్లీ సవాలు చేయవచ్చట. దానికి సంఘం సభ ఒప్పుకోవాలి. ఇకముందు తాడు ఎవరి మాట మీద విప్పాలో కూడా ఆ సభలోనే తేలుతుంది. “పెద్దోళ్లందరూ మావయ్య పక్కే. ఇక్కడి కుర్రోళ్లు సొంతూరోళ్ల మాట కోసం చూస్తన్నారు,” అంది. బండి కదిలింది. మహాసముంద్ దాటేదాకా నాకు ఒకటే ఆలోచన: ఆ ఓడలో గాలి తక్కువ కాలేదు, చేతులు తక్కువ కాలేదు, తక్కువైంది ఒక అనుమతి.

రాయపూర్ సంఘంలో మీ అన్నో, మేనల్లుడో, వియ్యంకుడో ఉన్నాడా? ఈ కాగితం కింద పెట్టి ఇప్పుడే ఫోన్ చేయండి. సభలో జానకి వైపు చెయ్యెత్తమని చెప్పండి.