విల్ఫ్ బ్రాడ్‌లీ సముద్రం

కంకర కనపడితే చాలు, విల్ఫ్ బ్రాడ్‌లీకి ఒళ్లు మండేది. శనివారం సాయంత్రాలు టీవీలో వచ్చే అంతరిక్షం సీరియల్‌కి కథలు రాయడం అతని బతుకుతెరువు. అతను ఏ గ్రహం గురించి రాసినా షూటింగు మాత్రం సర్రే జిల్లాలోని ఒకే ఒక్క కంకర క్వారీలో జరిగేది. మంచు గ్రహమైతే కాస్త ఉప్పు చల్లేవారు. అడవి గ్రహమైతే రెండు పూలకుండీలు పెట్టేవారు. గ్యాస్ కంపెనీలో నిక్షేపంలాంటి గుమాస్తా ఉద్యోగం వదులుకుని వచ్చింది ఇందుకా అని అతను తల పట్టుకునేవాడు.

అన్నీ దిగమింగాడు గానీ సముద్రం కథ దగ్గర మాత్రం మొండికేశాడు. అతని తండ్రి గ్రిమ్స్‌బీ రేవులో చేపల పడవ మీద పనిచేసేవాడు. ఒకసారి వెళ్లినవాడు మళ్లీ రాలేదు. ఆయన ముఖం కూడా విల్ఫ్‌కి సరిగా గుర్తు లేదు. మునిగిపోయిన వాళ్ల గొంతులన్నీ దాచుకుని, అలలతో తిరిగి మాట్లాడే సముద్రం గురించి రాశాడు. రాసి, తొందరగా చదవమని నిర్మాత రూపర్ట్ గేల్ వెంటపడ్డాడు.

రూపర్ట్ క్యాంటీన్లో సాసేజీ తింటూ తీర్పు చెప్పాడు. "బ్రహ్మాండం, నాయనా! ఒక్క నీళ్లు తీసేయ్."

"సముద్రంలో నీళ్లు తీసేస్తే ఏం మిగుల్తుందండీ?"

"కంకర! మాట్లాడే కంకర! ఇంతవరకూ ఎవడైనా చేశాడా చెప్పు?"

ఎవడూ చేయలేదు. చేసే తెలివితక్కువ మనిషి ఇంకెవడుంటాడు? కంకర మాట్లాడింది. దేశమంతా చూసింది. "ఆ రాళ్ల గొంతు పర్వాలేదు, విల్ఫ్," అని అతని భార్య డోరీన్ ఓదార్చబోతే, అతను లేచి వంటింట్లోకి వెళ్లి గోడకేసి తిరిగి నిలబడ్డాడు.

ఆ రోజుల్లో టేపులు ఖరీదు. అందుకని కథ ప్రసారమయ్యాక ఆఫీసువాళ్లు టేపు చెరిపేసి, దాని మీదే గుర్రప్పందాలు ఎక్కించారు. పోయిన కథలు పిల్లలు మళ్లీ చదువుకునేలా నవలలుగా రాయమని ఒక ప్రచురణకర్త అడిగాడు. విల్ఫ్ వంటింటి బల్ల మీద కూర్చుని కంకరనంతా ఎత్తిపోసి, ఆకుపచ్చటి సముద్రాన్ని తెచ్చి పెట్టాడు. పిల్లల పుస్తకమే కదా అని ప్రచురణకర్త చదవకుండానే అచ్చువేశాడు.

చాలా ఏళ్లకు కోవెంట్రీలో ఒక హోటల్లో ఆ సీరియల్ అభిమానులు సభ పెట్టారు. వేదిక మీద విల్ఫ్, పక్కన తెల్లబడ్డ మీసాలతో రూపర్ట్. హేజల్ అనే ఆవిడ లేచి నిలబడింది.

"బ్రాడ్‌లీ గారూ, ఆ సముద్రం ఎలా తీశారండీ? అల లేచి మాట్లాడుతుంటే చిన్నప్పుడు నేను సోఫా వెనక దాక్కున్నాను. ఆ ఆకుపచ్చ నీళ్లు ఇప్పటికీ కళ్లకు కట్టినట్టున్నాయి!"

హాలంతా తలలూపింది. వాళ్లంతా ఆ సముద్రాన్ని చూసింది పుస్తకంలోనే. అప్పట్లో టీవీ నలుపు తెలుపుల్లో వచ్చేదని కూడా ఒక్కరికీ గుర్తు లేదు.

విల్ఫ్ నోరు తెరిచేలోగా రూపర్ట్ మైకు లాక్కున్నాడు. "డబ్బు సంగతి నేను చూసుకుంటాను, సముద్రం మాత్రం ఉండి తీరాలని పట్టుబట్టింది నేనేనండీ!"

చప్పట్లే చప్పట్లు. విల్ఫ్‌కి అరికాలి మంట నెత్తికెక్కింది. ముందు వరుసలోంచి డోరీన్ పళ్లు నూరుతూ, "అది కంకరేనని చెప్పెయ్, విల్ఫ్! కడిగెయ్ వాణ్ణి!" అంది.

విల్ఫ్ మైకు అందుకున్నాడు. నిజం చెబితే రూపర్ట్ పరువు పోతుంది. దాంతోపాటు ఇంతమంది తలల్లో ఉన్న సముద్రమూ పోతుంది. మళ్లీ ఆ క్వారీయే మిగుల్తుంది. ఆ పని అతని చేత కాలేదు.

"అవునండీ," అన్నాడు కష్టం మీద. "రూపర్ట్ పట్టుబట్టకపోతే అది ఉండేది కాదు."

"అలలో మొట్టమొదట మాట్లాడిన గొంతు ఎవరిదండీ?" అంది హేజల్.

"మా నాన్నది."

రూపర్ట్ ఊరుకుంటాడా? మళ్లీ మైకు లాక్కున్నాడు. "మహానుభావుడు! షూటింగులో నాతో ఎంత కలిసిపోయాడో! టీ తెచ్చుకుంటే నాకూ ఒకటి తెచ్చేవాడు."

డోరీన్ రెండు చేతులతో ముఖం కప్పుకుంది. విల్ఫ్ మాత్రం కుర్చీ రూపర్ట్ వైపు జరుపుకున్నాడు.

"ఇంకా చెప్పండి," అన్నాడు.