తోడల్లుడి గొంతు

ఆ ఇంట్లో అందరూ అతన్ని మరమేకు అనేవారు. పేరు పెట్టింది మరదలు. ఒకచోట కూర్చుంటే బిగుసుకుపోతాడనీ, ఎవరైనా పట్టి తిప్పితే తప్ప కదలడనీ ఆమె వేళాకోళం. అతను నగరంలోని రైలు స్టేషన్లలో గేట్లూ, కార్డులు తాకించే యంత్రాలూ, స్పీకర్లూ బాగుచేసే మెకానిక్కు. పెద్దగా చదువుకోలేదు. పాత రేడియోలు విప్పి, పాడుచేసి, తిట్లు తిని, మళ్ళీ పలికించి పని నేర్చుకున్నాడు. యంత్రం మూత తీసి చెయ్యి లోపల పెడితే ఏ తీగ వదులైందో కంటికంటే ముందు వేలికొసకే తెలిసేది. పనిలో ఎవరినీ లక్ష్యపెట్టని ఆ మనిషికి ఒక్క గొంతు వింటే మాత్రం కడుపులో మండేది. అది తోడల్లుడి గొంతు.

మరదలి మొగుడు అదే సంస్థలో ప్రకటనలు చదివే ఉద్యోగి. ఏ స్టేషన్లో నిలబడ్డా అతని గొంతే. కాచిన పాల మీద మీగడలా ఉంటుందని అత్తగారి మెచ్చుకోలు. ‘నోరు మంచిదైతే ఊరు మంచిది’ అని ఆవిడ చిన్నల్లుణ్ణి చూసినప్పుడల్లా అనేది. అన్న ప్రతిసారీ, తన నోరు సంగతేమిటో ఆవిడ పనిగట్టుకుని చెప్పకుండా వదిలేసిందని మరమేకుకి అనిపించేది.

అంతటితో ఆగినా మింగేవాడేమో. అసలు మంట వేరే ఉంది.

టికెట్ల బదులు కార్డులు వచ్చిన కొత్తలో జనానికి అంతా అయోమయంగా ఉండేది. ముందుగా డబ్బు వేసుకున్న కార్డు, ఎక్కేచోట ఒకసారి, దిగేచోట ఒకసారి యంత్రానికి తాకించాలి. కార్డొక్కటికి మనిషొక్కడే, మొగుడు లోపలికి వెళ్ళి, గేటు మీదుగా పెళ్ళానికి అందిస్తే కుదరదు. దిగేచోట తాకించకపోతే యంత్రం దృష్టిలో ఆ మనిషి ఇంకా రైల్లో తిరుగుతున్నట్టే. చివరి స్టేషను దాకా చార్జీ లాగేసుకుని, కార్డుని మూసేస్తుంది. ఇదంతా చెప్పడానికి ఆఫీసువాళ్ళు ఒక ప్రకటన రాశారు. అందులో మాటలు ఎంత బిరుసుగా ఉన్నాయంటే తోడల్లుడి మీగడ గొంతులోంచి కూడా దిగలేదు. ఒక సెలవుపూట ఆ కాయితం పట్టుకుని ఇంటికొచ్చి, ‘అన్నయ్యా, దీన్ని మనుషుల భాషలో ఎలా చెప్పాలి?’ అని అడిగాడు.

మరమేకు అప్పుడు ఫ్యాను విప్పి కూర్చున్నాడు. పెదాల మధ్య మేకులు పట్టుకునే జవాబు చెప్పాడు.

“పచ్చదీపం వెలిగేదాకా కార్డు కదపొద్దను. దిగినచోట మళ్ళీ తాకించి వెళ్ళమను. ఇంకేం కావాలి వాళ్ళకి?”

వారం తిరక్కుండా ఆ మాటలే ప్రతి స్టేషన్లోనూ మోగాయి. ‘పచ్చదీపం వెలిగేదాకా కార్డు కదపకండి. దిగినచోట మళ్ళీ తాకించి వెళ్ళండి.’ ఎంత హాయిగా చెప్పాడోనని వీధివీధంతా అనుకుంది. భార్య కూడా, ‘ఏమండీ, మా మరిది మాట విన్నారా, చంటిపిల్లకి చెప్పినట్టుంది’ అంది. సొమ్మొకడిది, సోకొకడిది. ఆ మాటలు నావే అని చెబుదామని నోరు తెరిచి, ఇంత చిన్నదానికి వాటా అడిగితే ఇంకా చులకనవుతానని మూసేశాడు. అప్పటినుంచీ ఏ స్టేషన్లో ఏ యంత్రం బాగుచేస్తున్నా సరే, తన మాటలు తోడల్లుడి గొంతులో తన నెత్తిమీదే రాలేవి. చెవులు మూసుకుందామంటే రెండు చేతులూ పనిలో ఉండేవి.

అత్తగారు పెద్దకూతురి ఇంట్లోనే, అంటే మరమేకు ఇంట్లోనే ఉండేది. పగలు చిన్నకూతురి ఇంటికెళ్ళి చంటిదాన్ని చూసుకుని, సాయంత్రం రైల్లో తిరిగొచ్చేది. చూపు ఆనక గోడమీది రాతలు కనిపించవు. అయినా ఒక్కరోజు తడబడలేదు. భార్య సాయంత్రం స్టేషను దాకా ఎదురెళ్ళి ఆవిడను తీసుకొచ్చేది. వస్తూ దారంతా తల్లీకూతుళ్ళిద్దరూ ఆ గొంతు ముచ్చట్లే. గుమ్మంలోకి వచ్చాక కూడా అవే. ఒకరోజు భార్య చెప్పులు విడుస్తూ, “ఎంత అలిసిపోయి వచ్చినా, ఆ గొంతు వింటే ప్రాణం లేచొస్తుందండీ” అంది.

మర్నాడు ఆ స్టేషన్లో అతనికి ఒక గేటు పని పడింది. పని అయ్యాక పక్కనే ఉన్న స్పీకరు పెట్టె తాళం తీశాడు. కొంచెం తగ్గిద్దామనే చెయ్యి పెట్టాడు. కొంచెం తగ్గాక ఇంకొంచెం తగ్గితే బాగుండుననిపించింది. చివరికి బయటికెళ్ళే గేట్ల దగ్గర స్పీకరు పూర్తిగా నోరు మూసుకుంది. పెట్టె బిగించి, చెయ్యి తుడుచుకుని వచ్చేశాడు. ఆ రాత్రి భోజనం దగ్గర ఆ ముచ్చట ఎవరూ ఎత్తలేదు. ఎన్నాళ్ళకో అన్నం ఒంటికి పట్టినట్టయింది.

అతనికి తెలియనిది ఒకటుంది. అత్తగారు కార్డు తాకించేది దీపం చూసి కాదు, గొంతు విని. ఆ స్టేషన్లో ఒక చివర సామాన్లవాళ్ళ కోసం వెడల్పు గేటు తీసి ఉంచుతారు. యంత్రం ఆ పక్కన స్తంభానికి ఉంటుంది. ఆవిడ ఎప్పుడూ రద్దీ తప్పించుకుని ఆ వైపే వచ్చేది. ‘దిగినచోట మళ్ళీ తాకించి వెళ్ళండి’ అని వినపడగానే, ‘అలాగే నాయనా’ అన్నట్టు స్తంభం వైపు తిరిగి కార్డు పెట్టేది. ఆ సాయంత్రం ఎవరూ ఏమీ అనలేదు. మనవరాలి గురించి ఆలోచించుకుంటూ నేరుగా బయటికొచ్చేసింది.

మర్నాడు పొద్దున గేటు ఆవిడకు తెరుచుకోలేదు. ఎర్రదీపం. మళ్ళీ పెడితే మళ్ళీ ఎర్రదీపం. వెనక వరసకట్టిన జనం గొణిగారు. ఒకాయన, కార్డు తాకించడం రానివాళ్ళు రావడమెందుకన్నాడు. గేటు మనిషి వచ్చి, నిన్న తాకించకుండా వెళ్ళిపోయారమ్మా, కార్డు మూసేసింది, పెద్ద స్టేషనుకెళ్ళి తెరిపించుకోవాలని చెప్పాడు. అదంతా అయి ఆవిడ చేరేసరికి చిన్నకూతురు చంటిదాన్ని ఎత్తుకుని గుమ్మంలోనే నిలబడి ఉంది. ఆ పూట ఆమెకు ఉద్యోగం పోయినంత పనైంది.

సాయంత్రం అత్తగారు ఇంటికొచ్చి ఏమీ తినలేదు. పెట్టెలో చీరలు సర్దుకోవడం మొదలుపెట్టింది. మతిమరుపు మొదలైందనీ, ఆవిడ తల్లికీ ఇలాగే మొదలై చివరికి సొంత బిడ్డల్నే గుర్తుపట్టలేదనీ, ఇక రైళ్ళు ఎక్కే ధైర్యం లేదనీ, చిన్నదాని దగ్గరే ఉండిపోతాననీ మెల్లగా చెప్పింది. భార్య ఏడ్చింది. కబురందుకుని తోడల్లుడు పెట్టె మోయడానికి వచ్చాడు.

మరమేకు గోడకానుకుని నిలబడ్డాడు. మింగలేకా కక్కలేకా ఉన్నాడు. ఆవిడ వెళ్తే వెళ్ళనీ, ఆ గొంతు మనిషి ఇంట్లోనే ఉండి రోజంతా విననీ, అని ఒక మనసు. కానీ పెట్టె మీద ఆవిడ చేతులు తడబడుతున్న తీరు అతనికి నచ్చలేదు. నిన్నటిదాకా చూడకుండానే పూలు మాలకట్టిన చేతులు అవి. తాళం ఎక్కడ పెట్టానని రెండుసార్లు అడిగింది. తాళం ఆవిడ కొంగుకే ఉంది. బాగున్న యంత్రానికి పాడైందని చీటీ కట్టి మూలన పడేస్తే ఎలా ఉంటుందో అలా ఉందతనికి. అలాంటి పని జన్మలో చెయ్యలేదు. ఇప్పుడు చేసింది తనే.

తోడల్లుడు పెట్టె పిడి పట్టుకున్నాడు.

“అది దించు, తమ్ముడూ. ఆవిడకేం మతిమరుపు లేదు” అన్నాడు మరమేకు. “గేటు దగ్గర నీ గొంతు నొక్కేసింది నేనే.”

ఎవరికీ అర్థం కాలేదు. స్పీకరు తగ్గించానని వివరించాల్సి వచ్చింది. ఎందుకని భార్య అడిగింది. అది చెప్పడం స్పీకరు పెట్టె విప్పడమంత తేలిక కాలేదు.

“ఓర్చుకోలేక” అన్నాడు చివరికి. “ఆ మాటలు నేను చెప్పినవి. పేరు వాడికొచ్చింది. రోజూ వినలేక చచ్చాను.”

ఎప్పుడూ మాటకు తడుముకోని తోడల్లుడు పెట్టె పిడి వదిలి, ఏం చెయ్యాలో తెలియక మళ్ళీ పట్టుకున్నాడు. అంత సిగ్గులోనూ, వీడికి మాట దొరకని రోజు ఒకటొచ్చిందని మరమేకుకి లోపల ఓ మూల చల్లగా తగిలింది.

అత్తగారు మంచం అంచున కూర్చుంది.

“అయితే నాకు బాగానే ఉందంటారా?”

“మీకు బాగానే ఉంది. నాకే బాలేదు.”

“అత్తమీద కోపం దుత్తమీద చూపిస్తారని విన్నాను. తోడల్లుడి మీద కోపం అత్తమీద చూపించింది మాత్రం మీరొక్కరే బాబూ” అంది ఆవిడ. నవ్వలేదు. కానీ ఈసారి చేతులు తడబడలేదు. కొంగున తాళం తీసి పెట్టెకు వేయకుండా, చీరలు ఒక్కొక్కటే బయటికి తియ్యడం మొదలుపెట్టింది. మడత చెడిన చీరను విదిలించి మళ్ళీ మడతపెట్టి మరీ తీసింది. తోడల్లుడు పిడి వదిలేశాడు.

భార్య మాత్రం రెండు రోజులు మాట్లాడలేదు. మాట్లాడిన మొదటి మాట, ఆ స్పీకరు ఎప్పుడు బాగుచేస్తారని.

ఆ మధ్యాహ్నమే అత్తగారిని వెంటబెట్టుకుని వెళ్ళాడు. ముందు స్తంభం దగ్గర నిలబెట్టి, ఎవరి గొంతూ అక్కర్లేకుండా తాకించడం నేర్పాడు. ఆవిడ అరచేతిని కార్డుతో సహా యంత్రానికి ఆనించి ఉంచాడు. దీపం వెలిగేటప్పుడు లోపల చిన్నగా టిక్కుమంటుందనీ, ఆ అదురు వేళ్ళకు తెలుస్తుందనీ చెప్పాడు. ఆవిడ కళ్ళు మూసుకుని మళ్ళీ మళ్ళీ చూసి, తెలుస్తోందంది.

తర్వాత స్పీకరు పెట్టె తెరిచాడు. తగ్గించింది పెంచి మూసేస్తే సరిపోయేది. కానీ చెవి ఒప్పుకోలేదు. మాట చివర ఏదో బుస వినిపించింది. ఎదురుగోడకు తగిలి తిరిగొస్తోంది. స్పీకరు మొహం కాస్త కిందికి వంచాడు. లోపల దుమ్ము పట్టిన పొరను మెత్తటి గుడ్డతో తుడిచాడు. తీగ అతుకు కొత్తగా వేశాడు. ఆ గొంతు ఎవరిదైనా సరే, తన చేతికింద బుసకొడుతూ బయటికి పోకూడదు. మూత పెట్టేసరికి ప్రతి అక్షరం విడివిడిగా, చెవి పక్కన కూర్చుని చెప్పినట్టు వచ్చింది.

అత్తగారు తల పక్కకు వంచి పూర్తిగా విన్నది.

“చిన్నల్లుడి గొంతు ఇవాళ మరీ బాగుంది కదూ” అంది.

మరమేకుకి చెవులదాకా మండింది. నోట్లో ఉన్న మేకు తీసి, చివరి బెజ్జంలో పెట్టి, గట్టిగా బిగించాడు.