చిన్నాయన చేను

మా వైపు పగ అంటే బయటివాళ్లకు బాంబులూ వేటకొడవళ్లూ గుర్తొస్తాయి. మాది ఆళ్లగడ్డ అని చెప్పగానే ఎదుటివాళ్ల మొహంలోకి లేని మర్యాద వచ్చేస్తుంది. నా పగకు అంత హంగామా లేదు. అది చిటికెనవేలి గోరంత మెమరీ కార్డులో పట్టింది.

మా పెద్దనాయన కొడుకు, నాకు అన్న అవుతాడు, నంద్యాల బస్టాండు దగ్గర సెల్‌ఫోన్ల షాపు నడుపుతాడు. నేను ఆళ్లగడ్డలో ఒక కాలేజీలో పిల్లలకు కంప్యూటర్లు చెప్తాను. పెళ్లిళ్లలో, చర్చి కూడికల్లో కనిపిస్తే "బాగుండావా" అంటే "బాగుండా" అనుకోవడం తప్ప మా మధ్య మాటల్లేవు. అలాంటిది ఒకరోజు కాలేజీలో ఉండగా ఫోన్ చేశాడు.

"పాపా, ఆ క్యాసెట్టు సస్తాండాది. నువ్వే ఏమన్నా చెయ్యాల."

ఏ క్యాసెట్టని నేను అడగలేదు. అది మాదే. మా నాయనది.

నేను హైస్కూల్లో ఉన్నప్పుడు నాయన ట్రాక్టరు మీది నుంచి పడి కాలు విరగ్గొట్టుకున్నాడు. పొలం తప్ప ఇంకోటి తెలియని మనిషిని మంచాన పడేస్తే ఇంట్లోవాళ్లకు నరకమే. కూరలో ఉప్పు దగ్గర నుంచి కోళ్ల అరుపుల దాకా ఆయనకు అన్నీ తప్పులే. ఆయన్ను చూడటానికి వచ్చిన స్నేహితుడొకాయన, కువైట్‌లో డ్రైవరుగా చేసి తిరిగొచ్చినాయన, అక్కడి నుంచి తెచ్చిన చేతి వీడియోగేమ్ ఒకటి నా చేతిలో పెట్టి పోయాడు. దాంతో ఒకే ఒక క్యాసెట్. అందులో ఉన్నది సేద్యం ఆట. దున్నడం, విత్తడం, నీళ్లు పెట్టడం, కోసి అమ్ముకోవడం. పొలం పని తప్పించుకోవడానికే చదువుకుంటున్న దాన్ని నేను. అరగంట ఆడి విసుగుపుట్టి నాయన మంచం మీద పడేశాను.

ఆ సాయంత్రానికే నాయన దున్నడం మొదలుపెట్టాడు.

ఇంగ్లీషు రాదు ఆయనకు. అవసరమైన చోట నేను చదివి చెప్పేదాన్ని, మిగతాది బొమ్మలు చూసి పట్టేశాడు. నకిలీ విత్తనాలతో ఒకసారి నిండా మునిగిన మనిషి కదా, ఆటను కూడా నమ్మేవాడు కాదు. "ఈడ మొలవని ఇత్తనమే లేదేందీ?" అని అనుమానంగా అడిగేవాడు. కాలువకు నీళ్లెప్పుడు వదులుతారని అడిగే పని లేకుండా బావిలో ఎప్పుడూ నీళ్లుండటం ఆయనకు కొన్నాళ్లు మింగుడు పడలేదు. ఒక ఆవును కొన్నాడు. పొద్దున్నే తనకు అన్నం పెట్టకముందే దానికి గడ్డి వేసి, ఒళ్లు తోమేవాడు. చూసీ చూసీ అమ్మ ఒక ఆదివారం గదిమింది.

"ప్రభువు దినాన గూడా దున్నుతాండావా?"

అప్పటి నుంచి ఆదివారం ఆట ముట్టుకునేవాడు కాదు. ముట్టుకోకపోతే ఆవు పస్తుంటుందని దిగులు. ఆపేసిన ఆటలో పొద్దు కదలదు, ఆవుకు ఆకలి వెయ్యదు అని నేను ఎంత చెప్పినా సోమవారం తెల్లారగానే మొదట కొట్టంలోకే పోయేవాడు.

అన్నిటికన్నా నాకు నవ్వొచ్చిన సంగతి ఇంకొకటుంది. రెండు పంటలు తీశాక సగం చేనులో ఏమీ వెయ్యకుండా వదిలేశాడు. ఎందుకు నాయనా అంటే, "భూమికి అలుపు తీరొద్దా. ఒక కారు పంట ఇడిసిపెడదాం" అన్నాడు. ఈ ఆటలో భూమి అలిసిపోదు నాయనా అన్నాను. "నీకు తెల్దులే మే" అని, నన్ను పక్కకు జరగమని, ఆవు దగ్గరికి పోయాడు. ఆ ఆట తయారుచేసినవాళ్లకు కూడా ఆ ఊహ వచ్చి ఉండదు. బొమ్మ చేనుకు బీడు పెట్టిన రైతు మా నాయన ఒక్కడే అయ్యుంటాడు.

వేసవి సెలవులకు వచ్చిన అన్న పోతూ పోతూ ఆ వీడియోగేమ్ అడిగాడు. నేను ఇవ్వనన్నాను. నాయనే ఇప్పించాడు, కట్టు విప్పే రోజు దగ్గరపడిందని. ఇస్తూ ఒకటే చెప్పాడు. "పొద్దన లేస్తానే ఆవుకు గడ్డెయ్యప్పా. మర్సిపోవాకు."

కాలు నయమైనందుకు మా ఇంట్లో కృతజ్ఞత కూడిక పెట్టుకున్నాం. పాస్టరయ్య, చుట్టాలు, వీధివాళ్లు అందరూ వచ్చారు. అన్న కూడా వచ్చి, అందరి ముందే వీడియోగేమ్ నా చేతికిచ్చాడు. వెనక్కి తిప్పి చూస్తే క్యాసెట్ లేదు.

"క్యాసెట్టేదన్నా?"

"నా కాడుంది. నా చేనుండాది దాంట్లో. మా మామ నాకు కొత్త వీడియోగేమ్ కొనిచ్చినాడు, దాంట్లో ఏసుకుంటా."

"మా నాయన చేను?"

"ఏం చేను? బీడుగా ఉండె. దున్నుకున్నా."

అందరూ నవ్వారు. మాట సొగసుగా ఉంది మరి, నవ్వొస్తుంది. పెద్దనాయన అయితే కొడుకు వీపు తట్టి మరీ నవ్వాడు. నాయన కూడా నవ్వబోయి, అది కుదరక, "పోనీలే మే" అన్నాడు.

పోనివ్వలేదు నేను. ఇవాళ్టికీ పోనివ్వలేదు. ఎందుకో చెప్తాను. బీడంటే దిక్కులేని భూమి కాదు. వచ్చే కారు కోసం ఊరికే ఉంచిన భూమి. ఆ తేడా సేద్యం చేసే ఇంట్లో పుట్టిన అన్నకు తెలియకపోలేదు. పైగా అక్కడ బీడు సగమే. మిగతా సగంలో పైరుంది. ఇల్లుంది, కొట్టముంది, ఆవుంది. కొత్త ఆట మొదలుపెట్టబోతే ఆ క్యాసెట్, పాతది చెరిపెయ్యమంటావా అని అడుగుతుంది. అవును అని ఒత్తితేనే చెరుపుతుంది. అన్న అవును అని ఒత్తాడు.

క్యాసెట్ లేని వీడియోగేమ్‌ను అమ్మ ట్రంకు పెట్టెలో పెట్టేసింది. నాయన మళ్లీ దాని ఊసెత్తలేదు. ఒక్కసారి మాత్రం, చాలా రోజుల తర్వాత, నంద్యాలలో పెళ్లికి బయల్దేరుతుంటే నన్ను చాటుకు పిలిచి, "ఆవు ఏమాయెనో వాణ్ణి అడుగు మే" అన్నాడు. అడిగాను. అన్న పగలబడి నవ్వాడు. ఉందంట నాయనా, బాగుందంట అని వచ్చి చెప్పాను. నాయన పోయి ఇప్పటికి చాలాకాలమైంది. క్షమించమని పాస్టరయ్య చెప్పినప్పుడల్లా ఆమెన్ అంటాను. అనేసి ఇంటికొస్తాను.

ట్రంకు పెట్టెలోని వీడియోగేమ్‌ను బాగుచేసుకోవాలని మొన్నామధ్య నేనే ఒక ఫ్లాష్ కార్ట్రిడ్జ్ తెప్పించుకున్నాను. చూడటానికి మామూలు క్యాసెట్టే. లోపల ఆట ఉండదు, మెమరీ కార్డు పెట్టే సందు ఉంటుంది. మన దగ్గరున్న పాత క్యాసెట్లలోని ఆటలను కార్డులోకి ఎక్కించుకుని ఆడుకోవచ్చు. పాత క్యాసెట్లను చదివే చిన్న పరికరం కూడా కొన్నాను. ఆ కబురు వదిన ద్వారా అన్నకు చేరింది.

అన్న బాధ వేరు. పాత క్యాసెట్లలో మనం ఆడినదంతా లోపలి చిన్న బ్యాటరీ మీద బతుకుతుంది. అది అయిపోతే చేను, ఇల్లు అన్నీ పోతాయి. ఇన్నేళ్లుగా షాపులో బేరాలు లేనప్పుడల్లా ఆయన ఆ చేనే చేస్తున్నాడట. ఆయనా ఫ్లాష్ కార్ట్రిడ్జ్ తెప్పించాడు, వీడియోలు చూశాడు, పని చెయ్యలేదు. నంద్యాలలో సగంమంది ఫోన్లు విప్పి బిగించే మనిషికి అది నామోషీ. అందుకే షాపు మూసుకుని ఆళ్లగడ్డ బస్సెక్కాడు.

"ఇది డూప్లికేట్ మాల్ పాపా. తెరమీద అట్లే తిరుగుతాండాది, ముందుకు పోదు" అన్నాడు కుర్చీలో కూర్చుంటూనే.

కార్డు తీసి కంప్యూటర్లో పెట్టి చూశాను. రూట్ అనే పేరుతో ఒక ఫోల్డరు, అన్నీ అందులో ఉన్నాయి.

"ఇదేందన్నా?"

"రూట్లో పెట్టమని వీడియోలో సెప్పినాడు గదా. రూటని చేసి దాంట్లో పెట్టినా."

రూట్ అంటే కార్డు తెరవగానే కనిపించే చోటు, ఫోల్డర్లేమీ లేకుండా నేరుగా అక్కడ పెట్టాలి అని చెప్పాను. ఆ క్షణాన నాకు కలిగిన సంతోషం దాచుకోవడానికి టీ పెట్టే వంకతో వంటింట్లోకి పోవాల్సి వచ్చింది.

వచ్చి పని మొదలుపెట్టాను. కార్డులో జాగా మరీ ఎక్కువ, అంతదాన్ని ఆ కార్ట్రిడ్జ్ చదవలేదు. దానికి అర్థమయ్యే పద్ధతిలో మళ్లీ ఫార్మాట్ చేశాను. కార్ట్రిడ్జ్ నడవడానికి కావలసిన ఫైళ్లు రూట్‌లో పెట్టాను. ఆయన జేబులోంచి పాత క్యాసెట్ తీసిచ్చాడు. దాని మూలన, అప్పట్లో విసుగుపుట్టి నేను కొరికిన పంటిగాటు ఇంకా ఉంది. పరికరంలో పెట్టి ఆటనూ, ఆయన చేనునూ వేరువేరు ఫైళ్లుగా కంప్యూటర్లోకి దింపుకున్నాను. దింపి, సరిగా వచ్చిందా లేదా అని చేను తెరిచి చూశాను. అంచు నుంచి అంచుదాకా పైరే. ఒక్క అడుగు బీడు లేదు. కొట్టం నిండా ఆవులు.

"జాగ్రత్త పాపా. అదంతా నా కష్టం."

క్యాసెట్‌లోదీ దింపుకున్నదీ కలిపి చెరపడానికి ఒక్క మీట చాలు. వేలు దాని మీదే ఉంది. ఉన్నా, ఒక అవకాశం ఇద్దామనిపించింది.

"మా నాయన చేనుండె దీంట్లో, గుర్తుందా అన్నా?"

టీ ఊదుకుంటూ నవ్వాడు. "ఏముండె? బీడు. ఇంగా దాన్నే పట్టుకోనుండావా నువ్వు?"

పోయిన మనిషి సంగతి కదా, అబద్ధంగానైనా ఒక మెత్తని మాట అనొచ్చు. అనలేదు. మీట మీది నుంచి వేలు తీసేశాను. చెరిపేస్తే ఒక రోజు ఏడ్చి మర్చిపోతాడు. అది నాకు చాలదు.

ఈ కార్ట్రిడ్జ్‌లలో ఒక నియమం ఉంది. ఆట ఫైలుకు ఏ పేరుంటే, మనం ఆడినది దాచే ఫైలుకూ అదే పేరుండాలి. పేర్లు కలిస్తేనే చేను తెరుచుకుంటుంది. రెండింటికీ చిన్నాయన చేను అని పేరు పెట్టాను. మొదట తెలుగులో పెడితే తెరమీద వట్టి డబ్బాలు కనిపించాయి, అందుకని ఇంగ్లీషు అక్షరాల్లో రాశాను. మా నాయన ఆయనకు చిన్నాయన. ఆయన తెచ్చుకున్న వీడియోగేమ్‌లో కార్ట్రిడ్జ్ బిగించి ఆయన చేతికే ఇచ్చాను.

తెరమీది ఆటల పట్టీలో ఒకటే వరుస. చదువుకున్నాడు. ఆయన పెదాలు కదలడం చూశాను.

"ఇదేం పేరు?"

"గుర్తుండాల గదా. పేరు మాత్రం మార్చొద్దన్నా. మార్చినావంటే నీ చేను కనపడదు."

మీట ఒత్తాడు, చేను తెరుచుకుంది, మొహం వెలిగింది. పాత క్యాసెట్ నాకు కావాలన్నాను. ఇంక దాంతో పనేముందని ఇచ్చేసి బస్సుకు పోయాడు. ఆయన బస్సు దారిలోని శిరివెళ్ల దాటకముందే దాని మరలు విప్పి పాత బ్యాటరీ పీకేశాను, అందులోని చేను ఆరిపోయింది.

ఆ తర్వాతి కబుర్లు వదిన చెప్పేది, ఆమెకు ఏమీ తెలియదు కాబట్టి అన్నీ చెప్పేది. ఫోను బాగుచేయించుకోవడానికి వచ్చినవాళ్లు తెర చూసి ఇదేంది, ఎవురీ చిన్నాయన, యాడుండాది ఆ చేను అని అడుగుతున్నారట. ఒకాయన, "చిన్నాయన చేను నువ్వెట్ల చేస్తాండావప్పా, కౌలుకా?" అన్నాడట. అన్న ఇప్పుడు బల్ల కింద పెట్టుకుని ఆడుతున్నాడట. ఫోను పెట్టేశాక చాలాసేపు నవ్వుకున్నాను. నాయన మాటకూ మర్యాదకూ ఆ మనిషి ఎన్నడూ తలవంచలేదు. ఇప్పుడు ఆడుకోవాలంటే ముందు ఆ పేరు ఒత్తాలి.

నెల తిరగకుండానే ఫోనొచ్చింది.

"పాపా, చేను పోయింది."

"పేరు మార్చినావా?"

"షాపు పేరు పెట్టినా. తెరుస్తే మొత్తం మొదటికొచ్చింది. ఆవుల్లేవు, కొట్టం లేదు. అంతా బీడుగా ఉండాది. నీ కంప్యూటర్లో ఏమన్నా ఉందేమో చూడు పాపా."

నా కంప్యూటర్ చూసే పనిలేదు. ఆయన చేను ఎక్కడికీ పోలేదు. ఆయన చేతిలోని కార్డులోనే, మా నాయన పేరు మీద, పైరూ ఆవులూ అన్నీ అట్లే ఉన్నాయి. ఆయన మార్చింది ఆట పేరు ఒక్కటే. మళ్లీ చిన్నాయన చేను అని రాస్తే చాలు, తెరుచుకుంటుంది. ఆ ఒక్క మాట నా నాలుక చివర ఉంది. అన్న నోట ఇంకో మాట వస్తుందేమోనని ఆగాను. ఆ రోజు చిన్నాయన చేను ఉండె పాపా, నేనే చెరిపినా అంటే చాలు. ఫోనులో షాపు ముందు బస్సుల చప్పుడు వినిపిస్తోంది.

"ఇంటాండావా పాపా? అంతా బీడు."

"బీడుగా ఉంటే దున్నుకో అన్నా" అని ఫోన్ పెట్టేశాను.