ఇస్త్రీకి పోయిన శాలువా

టీవీలో కనిపిస్తే పిల్లనిస్తారనుకున్నాను. కనిపించినందుకే పిల్ల చేజారబోయిన మగాణ్ణి ఈ గోదావరి రెండు ఒడ్లలోనూ నేనొక్కణ్ణే అయ్యుంటాను. మీరూ నవ్వుకోండి, మా ఆవిడ ఇప్పటికీ నవ్వుతూనే ఉంది.

అప్పట్లో భద్రాచలంలో ఓ కేబుల్ చానల్లో 'మనోళ్ల ముచ్చట' కార్యక్రమానికి యాంకర్ని. వారానికో అతిథి, మొదట శాలువా సన్మానం, తర్వాత లైవులో ప్రేక్షకుల ఫోన్లు. చానల్ మొత్తానికి శాలువా ఒక్కటే. కెమెరా ఆగగానే అతిథి భుజం మీద చెయ్యేసి, "ఇటియ్యండి సార్, ఇస్త్రీ చేయించి పంపిస్తం" అనేవాణ్ణి. మొహమాటానికి అందరూ ఇచ్చేవారు. వచ్చేవారం అది ఇంకో భుజం ఎక్కేది. ఇస్త్రీపెట్టె మొహం మాత్రం ఎన్నడూ చూడలేదు.

ఆ రోజుల్లోనే ఇల్లందు సంబంధం వచ్చింది. పిల్ల నాకు తెగ నచ్చింది, పిల్లకి నేనూ నచ్చాను. బొగ్గుబాయిలో పనిచేసి రిటైరైన వాళ్ల నాన్న రాజయ్య గారికే నామీద గురి కుదరలేదు. "మాటలు చెప్పుడు గూడ ఒక నౌకరేనా?" అన్నారట. నా దర్జా చూపిద్దామని ఆయన్నే అతిథిగా పిలిచాను.

లైవు మొదలైంది. శాలువా కప్పగానే ఆయన మొహం వెలిగిపోయింది. ఇక ముహూర్తమే తరువాయి అనుకున్నాను. ఫోను మోగింది.

"చెప్పండమ్మా, ఎక్కణ్ణుంచి?"

"పినపాక నుంచి బిడ్డా. పోయిన నెల నీ కాడికొచ్చి పాటలు పాడిన గదా!"

"అవ్ అమ్మా, గుర్తున్నరు. రాజయ్య గారిని ఏమడుగుతరు?"

"ఆయన్నేమడుగుత? ఆయన కప్పుకున్న శాలువా నాది. ఇస్త్రీకని తీస్కుంటివి, ఇంకా కాలేదా?"

ఏడవలేక నవ్వాను. "అది వేరే శాలువా అమ్మా..."

"ఏందీ, వేరేదా? అంచు తిప్పి చూడు. మీరు పెట్టిన మిర్చిబజ్జీ నూనె మరక ఉంటది!"

రాజయ్య గారు అంచు తిప్పారు. ఉంది. మా కెమెరామన్ ఏనాడూ చూపని శ్రద్ధతో ఆ మరకను తెర నిండా చూపించాడు. వెంటనే బూర్గంపాడు నుంచి ఒక మాస్టారు. "సార్, ఆ పక్కనున్న టీ మరక నాది. ఇస్త్రీ వరసల నేనే ముందు!"

పిల్లి కళ్లు మూసుకుని పాలు తాగుతుందంటారు. నేను లైవులో తాగాను.

కార్యక్రమం ముగిశాక అలవాటు కొద్దీ నా చెయ్యి శాలువా వైపు పోయింది. "నేనే చేయించుకుంట తియ్" అని రాజయ్య గారు దాంతోనే ఇల్లందు బస్సెక్కారు. పిల్ల దక్కదని ఆ రోజు నిజంగానే ఏడ్చాను.

వారం తిరక్కుండా కబురొచ్చింది. "పోరనికి అబద్ధమాడ రాదు. ఒక్క శాలువా దాయబోయి గన్ని చెమటలు కక్కిండు. గసొంటోడు నా బిడ్డ కాడ ఏం దాస్తడు? లగ్గం పెట్టుకుందాం" అన్నారట!

పెళ్లి పందిట్లో మామగారు అదే శాలువా నాకు కప్పారు. చప్పట్లు మోగాయి, ఫోటోలు తీశారు. వీడియో ఆగగానే ఆయన నా భుజం మీద చెయ్యేశారు.

"ఇటియ్యి అల్లుడా, ఇస్త్రీ చేయించి పంపిస్త."

అది ఇంకా రాలేదు. కనుక ఆ భద్రాద్రి రాముడి సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఈ జన్మలో ఇంకెవరికీ శాలువా కప్పను. పూలదండ వేస్తాను. దానికి ఇస్త్రీ అక్కర్లేదు.